టైప్ రాయకుండానే కంపైలర్ ఎలా కనిపెడుతోంది? (రాబిన్ మిల్నర్ పని గురించి)

మంజీర · సోమవారం, రాత్రి 10:40

అందరికీ నమస్కారం. నేను హైదరాబాద్‌లో పేమెంట్లు నడిపే ఒక కంపెనీలో పనిచేస్తాను. పదేళ్లుగా జావా, పైథాన్ తప్ప వేరే లోకం తెలియదు. మూడు వారాల క్రితం నన్ను ఓకామెల్ అనే భాషలో రాసిన ఒక పాత సర్వీసు మీద వేశారు. మొదటి రోజు నుంచీ ఒకటే ఆశ్చర్యం. కోడ్‌లో ఎక్కడా టైపులు, అంటే ఏది అంకె, ఏది పేరు, ఏది జాబితా అన్నది, రాసి లేవు. అయినా ఏ ఫంక్షన్ మీద కర్సర్ పెట్టినా దాని టైప్ ఇదీ అని చెప్పేస్తోంది. పైథాన్‌లోనూ రాయం, కానీ అక్కడ తప్పు రాత్రి రెండింటికి సర్వర్ పడిపోయాక తెలుస్తుంది. ఇక్కడ కంపైల్ దగ్గరే, అంటే ప్రోగ్రామ్ నడవకముందే, ఆపేస్తోంది.

కాస్త వెతికితే రాబిన్ మిల్నర్ అనే కంప్యూటర్ శాస్త్రవేత్త పేరూ, 1978లో ఆయన రాసిన ఒక పరిశోధన పేపరూ దొరికాయి. తెరిచాను. రెండో పేజీ దాటలేకపోయాను. ఎవరైనా తెలుగులో, గుర్తులు తక్కువగా, విడమరిచి చెప్పగలరా?

పినాకిని · సోమవారం, రాత్రి 11:25

మంజీర గారూ, ఇరవై ఏళ్లుగా పిల్లలకు ఈ పాఠం చెబుతున్నాను. చాక్‌పీసుతో బోర్డు మీద చేస్తే పది నిమిషాల పని, ఇక్కడ కూడా చేసి చూద్దాం.

ఒక చిన్న ఫంక్షన్ తీసుకోండి. పేరు "రెండుసార్లు". ఒక ఫంక్షన్‌నీ, ఒక విలువనూ తీసుకుని, ఆ ఫంక్షన్‌ని విలువ మీద రెండుసార్లు వేస్తుంది.

రెండుసార్లు ప వి = ప (ప వి)

ఎవరూ టైప్ చెప్పలేదు. కంపైలర్‌కు కూడా ఏమీ తెలియదు. తెలియని దానికి ఒక పేరు పెట్టుకుని ముందుకు వెళ్తుంది, మనం చిన్నప్పుడు లెక్కల్లో "ఒక సంఖ్య క అనుకుందాం" అన్నట్టే. వి టైప్ క అనుకుందాం. ప టైప్ చ అనుకుందాం.

ఇప్పుడు లోపలి ముక్క చూడండి: ప వి. ప ని వి మీద వేశాం కాబట్టి ప ఒక ఫంక్షన్ అయి తీరాలి, అది క ని తీసుకోవాలి. ఏం ఇస్తుందో తెలియదు, దానికి ట అని పేరు. అంటే చ = క → ట.

బయటి ముక్క: ఆ వచ్చిన ట ని మళ్లీ ప కే ఇచ్చాం. అంటే ప ట ని కూడా తీసుకోవాలి, ఏదో త ఇవ్వాలి. కాబట్టి చ = ట → త.

చ ఒక్కటే కదా. రెండు రాతలూ ఒకటే కావాలి: క → ట, ట → త. ఎడమ పక్క ఎడమతో, కుడి పక్క కుడితో సరిపెడితే క, ట ఒకటే; ట, త ఒకటే. మూడు తెలియనివి ఒక్కటైపోయాయి. సమాధానం:

(క → క) → క → క

ఇందులో క ఏదైనా కావచ్చు. అంకె కావచ్చు, పేరు కావచ్చు, జాబితా కావచ్చు. ఈ సరిపెట్టే పనిని యూనిఫికేషన్ అంటారు, దాని పద్ధతి 1965లో రాబిన్సన్ ఇచ్చాడు. మిల్నర్ దాన్ని ప్రోగ్రాములకు అల్లాడు, ఆ అల్గారిథమ్‌కు పేపర్లో డబ్ల్యూ అని పేరు పెట్టాడు. దొరికిన టైప్ అన్నిటికంటే విశాలమైనదని, అంటే ఇంకెవరు ఏ సరైన టైప్ చెప్పినా దీని లోంచే వస్తుందని, 1982లో తన విద్యార్థి లూయిస్ దమాస్‌తో కలిసి రాసిన పేపర్లో ఉంది.

ఇప్పుడు మీరు ఒకటి చేయండి: తనమీదతాను వి = వి వి. కాగితం మీద రాసి చూడండి, నేను చెప్పను.

మంజీర · మంగళవారం, ఉదయం 7:10

చేశాను సార్! మెట్రోలో, బిల్లు వెనక. వి టైప్ క. వి ని వి మీద వేశాం కాబట్టి క = క → ట. కుడి పక్కన ఉన్న క బదులు మళ్లీ అదే పెడితే (క → ట) → ట, మళ్లీ పెడితే ఇంకా పొడుగు... ఆగదు. అందుకే కంపైలర్ ఒప్పుకోదు, అంతేనా? ఇన్నాళ్లూ ఆ ఎర్రర్ కనిపిస్తే కోడ్ మార్చి మార్చి తోసేస్తున్నాను, అది ఏమంటోందో ఇప్పుడు అర్థమైంది.

పినాకిని · మంగళవారం, ఉదయం 8:02

సరిగ్గా అంతే. తన తోకను తానే మింగే టైప్ వద్దని ఆ పరీక్ష. భేష్.

బీటెక్_మూడో_ఏడు · మంగళవారం, మధ్యాహ్నం 1:15

సార్, నాదో డౌట్. ఎన్‌పీటీఈఎల్‌లో మాధవన్ ముకుంద్ గారి హాస్కెల్ కోర్సు చూసి, ఆ ఊపులో ఓకామెల్ మొదలుపెట్టాను. ఖాళీ జాబితా అడిగితే "క జాబితా" అంటుంది, బాగానే ఉంది. అదే ఖాళీ జాబితాను మార్చగలిగే పెట్టెలో, అంటే రెఫ్‌లో పెడితే, క ముందు "వీక్" అని ఏదో వస్తోంది. మా ల్యాబ్‌లో అడిగితే పట్టించుకోవద్దన్నారు. పట్టించుకోవాలా?

పినాకిని · మంగళవారం, మధ్యాహ్నం 2:40

పట్టించుకో నాన్నా, అది చాలా మంచి ప్రశ్న.

పెట్టెకు "ఏ క అయినా సరే" అని టైప్ ఇచ్చామనుకో. ఒక చోట అంకెల పెట్టెగా వాడి అందులో 7 పెడతాను. ఇంకో చోట అదే పెట్టెను పేర్ల పెట్టెగా వాడి బయటకు తీస్తాను. పేరు అనుకుని 7 ని పట్టుకున్నాను. మొత్తం కట్టడం కూలిపోయింది. మారని విలువలకు ఈ ప్రమాదం లేదు, మారే వాటికే ఉంది. మిల్నర్ దగ్గర చదువుకున్న మాడ్స్ టాఫ్ట్ తన థీసిస్‌లో దీనితోనే కుస్తీ పట్టాడు. చివరికి 1995లో ఆండ్రూ రైట్ సూచించిన సులువైన నియమం నిలబడింది: = గుర్తుకు కుడి పక్కన అప్పటికే తయారైన విలువ ఉంటేనే "ఏదైనా సరే" అనాలి, ఇంకా లెక్క జరగాల్సి ఉంటే అనకూడదు. ఓకామెల్‌కు చుట్టమైన స్టాండర్డ్ ఎమ్ఎల్ భాషకు 1997 నాటి నిర్వచనం దాన్నే తీసుకుంది. నీకు కనిపించిన "వీక్" అర్థం ఏమిటంటే: ఇది ఒకే ఒక టైప్, అదేదో ఇంకా తేలలేదు, మొదటిసారి వాడినప్పుడు తేలిపోతుంది. పెట్టెలో 7 వేసి మళ్లీ టైప్ అడిగి చూడు.

కృష్ణాతీరం · మంగళవారం, రాత్రి 9:30

నేను 22 ఏళ్లుగా ఈ రంగంలో ఉన్నాను, ఒక మాట చెప్పాలి. ఇదంతా వినడానికి బాగుంటుంది. పని దగ్గర నాకు రెండు కష్టాలు ఎదురయ్యాయి. మొదటిది, టైపులు రాయని కోడ్‌ను ఆరు నెలల తర్వాత చదవడం నరకం. రాసినవాడు వెళ్లిపోయాడు, ఫంక్షన్ ఏం తీసుకుంటుందో పేజీలో ఎక్కడా లేదు. రెండోది, తప్పు 40వ లైన్‌లో ఉంటే కంపైలర్ 212వ లైన్‌లో అరుస్తుంది. సరిపెట్టుకుంటూ పోయి, ఎక్కడ కుదరలేదో అక్కడ ఆగుతుంది. కుదరకపోవడానికి కారణం ఎక్కడుందో చెప్పదు.

ఇంకొకటి. "టైప్ సరిగ్గా ఉన్న ప్రోగ్రామ్ తప్పు చేయదు" అని మిల్నర్ అన్నాడని పోస్టర్లు కూడా వేసుకుంటారు. మా దగ్గర టైప్ సరిగ్గా ఉండి లక్షల రూపాయలు తప్పు ఖాతాలో వేసిన ప్రోగ్రామ్‌ను నేను కళ్లారా చూశాను.

పినాకిని · మంగళవారం, రాత్రి 10:15

మీ మొదటి రెండు మాటలకూ నా దగ్గర ఎదురు వాదన లేదు. అందుకే మా ల్యాబ్‌లో బయటకు కనిపించే ప్రతి ఫంక్షన్‌కూ టైప్ రాయాల్సిందేనని నియమం పెట్టాను. రాస్తే ఎర్రర్ కూడా దగ్గర్లోనే ఆగుతుంది.

మూడోదానికి మాత్రం జవాబు చెప్పాలి. ఆ వాక్యంలో "తప్పు" మామూలు మాట కాదు. పేపర్లో అది ఒక విలువ పేరు. అంకె కాని దాన్ని కూడబోతే, ఫంక్షన్ కాని దాన్ని ఫంక్షన్‌లా పిలిస్తే, లెక్క ఫలితం "తప్పు" అని, ప్రోగ్రాముల అర్థాన్ని గణితంలో చెప్పేటప్పుడు ఆయన ఒక ప్రత్యేక గుర్తు పెట్టాడు. టైప్ దొరికిన ప్రోగ్రామ్ ఎప్పటికీ ఆ గుర్తు దగ్గరికి చేరదు. ఆయన నిరూపించింది ఇంతవరకే. డబ్బు సరైన ఖాతాలో పడుతుందని ఆయన ఎన్నడూ అనలేదు.

చిప్_పరీక్ష · మంగళవారం, రాత్రి 11:50

ఇన్ని పోస్టులయ్యాయి, అసలు ఈ టైపులు ఎందుకు పుట్టాయో ఎవరూ చెప్పలేదు. నేను బెంగళూరులో చిప్పుల డిజైన్ సరిగ్గా ఉందో లేదో గణితంతో నిరూపించే పనిలో ఉన్నాను. మాకు మిల్నర్ అంటే టైప్ ఇన్‌ఫరెన్స్ (రాయని టైప్‌ను కనిపెట్టడం) కాదు. మాకు ఆయన ఎల్‌సీఎఫ్ అనే నిరూపణ యంత్రం.

1971లో ఆయన స్టాన్‌ఫర్డ్ వెళ్లాడు. డానా స్కాట్ 1969లో రాసిన ఒక తర్కాన్ని పట్టుకుని, మనిషి అడుగు చెబితే కంప్యూటర్ సరిచూసే నిరూపణ యంత్రాన్ని కట్టాడు. పని చేసింది, కానీ ప్రతి అడుగునూ దాచుకోవడంతో పెద్ద నిరూపణలకు మెమరీ నిండిపోయేది. పైగా ఒకే రకం అడుగులు మళ్లీ మళ్లీ చేత్తో ఇవ్వాలి. 1973లో ఎడిన్‌బరో చేరాక మళ్లీ మొదటినుంచి కట్టారు. ఈసారి నిరూపణలను దాచొద్దు, తేలిన ఫలితాన్ని ఉంచుకుంటే చాలు అనుకున్నారు. అడుగులను మనిషే ప్రోగ్రాముగా రాసుకోవాలి అనుకున్నారు.

ఇక్కడ చిక్కొచ్చింది. మనిషి ఇష్టమొచ్చిన ప్రోగ్రామ్ రాయొచ్చు, నిరూపణ దాచలేదు. మరి తేలిందని చెబుతున్న సిద్ధాంతం నిజంగా తేలిందని నమ్మకమేమిటి?

ఆయన జవాబు ఇది. "సిద్ధాంతం" అని ఒక టైప్ పెట్టాడు. దాని లోపలి రూపం ఎవరికీ కనిపించదు. ఆ టైప్ ఉన్న విలువ పుట్టాలంటే ఒకటే దారి: తర్కంలో ఉన్న కొద్దిపాటి నియమాల ఫంక్షన్లు. ఉదాహరణకు ఒక ఫంక్షన్ "ఎ అయితే బి" అన్న సిద్ధాంతాన్నీ, "ఎ" అన్న సిద్ధాంతాన్నీ తీసుకుని "బి" అన్న సిద్ధాంతం ఇస్తుంది. ఇలాంటివి ఓ గుప్పెడు. బయట మీరు పది వేల లైన్లు ఎంత గందరగోళంగా రాసుకున్నా సరే, చేతికి "సిద్ధాంతం" టైప్ విలువ వచ్చిందంటే అది ఆ గుప్పెడు ద్వారాల్లోంచే వచ్చి ఉండాలి. దొంగ సిద్ధాంతం చేయబోతే టైప్ చెకర్ ఒప్పుకోదు. నిరూపణను కాపలా కాయడానికి పుట్టిన భాష పేరే ఎమ్ఎల్, మెటా లాంగ్వేజ్. ఈ రోజు మంజీర గారు వాడుతున్న ఓకామెల్ దాని వంశమే.

టైప్ ఇన్‌ఫరెన్స్ కూడా అక్కడినుంచే వచ్చింది. నిరూపణ ఎత్తుగడలను చిన్న చిన్న ఫంక్షన్లుగా రోజుకు యాభై రాసేవారు ప్రతిదానికీ టైప్ రాస్తూ కూర్చోలేరు. ఎత్తుగడ పారకపోతే వెనక్కి తగ్గి ఇంకోటి ప్రయత్నించాలి కాబట్టి ఎక్సెప్షన్లు కూడా ఆ భాషలో మొదటినుంచీ ఉన్నాయి.

మైఖేల్ గోర్డన్, క్రిస్ వాడ్స్‌వర్త్‌లతో కలిసి మిల్నర్ 1979లో దీన్ని పుస్తకంగా తెచ్చాడు. తర్వాత హెచ్ఓఎల్, ఇసబెల్, హెచ్ఓఎల్ లైట్ అనే నిరూపణ యంత్రాలన్నీ ఆ దారిలో నడిచినవే. హెచ్ఓఎల్ లైట్‌లో నమ్మాల్సిన మధ్య భాగం సుమారు 400 లైన్లు. ఒక పూట కూర్చుంటే మొత్తం చదవొచ్చు, నేను చదివాను.

దీనివల్ల ఏం ఒరిగిందంటే: 1994లో పెంటియమ్ చిప్ భాగహారంలో తప్పు బయటపడి ఇంటెల్ 47.5 కోట్ల డాలర్లు పక్కన పెట్టాల్సి వచ్చింది. ఆ తర్వాత హెచ్ఓఎల్ లైట్ రాసిన జాన్ హారిసన్ అదే ఇంటెల్‌లో చేరి దశాంశ లెక్కల అల్గారిథమ్‌లను నిరూపించాడు. గోళాలను ఎలా పేర్చితే తక్కువ చోటు పడుతుందన్న కెప్లర్ ప్రశ్నకు థామస్ హేల్స్ 1998లో జవాబిస్తే, సరిచూసిన పండితులు 99 శాతం నమ్మకం ఉందన్నారు. ఆ మిగిలిన ఒక్క శాతం కోసం హేల్స్ బృందం 2014 దాకా పనిచేసి హెచ్ఓఎల్ లైట్‌లో, ఇసబెల్‌లో పూర్తి చేసింది.

మంజీర · బుధవారం, ఉదయం 6:55

రాత్రి ఇది చదివాక నిద్ర పట్టలేదు. కృష్ణాతీరం గారు చెప్పిన తప్పు ఖాతా కథ విన్నాక నాది కూడా చెబుతాను. ఇంతకు ముందు పనిచేసిన చోట (పేరు వద్దు) ఒక సర్వీసు రూపాయల్లో పంపేది, ఇంకోటి పైసల్లో అనుకునేది. రెండూ పూర్ణాంకాలే. 499 రూపాయల రీఫండ్ 4 రూపాయల 99 పైసలుగా వెళ్లింది. ఒక్కరికి కాదు, రెండు రోజుల పాటు. ఫోన్లు ఎత్తిన అమ్మాయిల మొహాలు నాకు ఇంకా గుర్తే. కోడ్‌లో టైప్ తప్పు ఏమీ లేదు, పూర్ణాంకం ఇచ్చారు, పూర్ణాంకం తీసుకున్నారు.

ఇప్పుడు నా ప్రశ్న: "సిద్ధాంతం" చేసిన పనే "పైసలు" అనే టైప్‌తో చేయొచ్చా?

చిప్_పరీక్ష · బుధవారం, ఉదయం 7:20

చేయొచ్చు, చేయాలి కూడా. ఒక మాడ్యూల్ పెట్టండి. లోపల పూర్ణాంకమే, కానీ మాడ్యూల్ సంతకంలో (బయటకు చూపించే వివరంలో) అది పూర్ణాంకమని చెప్పకండి. పుట్టించడానికి రెండే ఫంక్షన్లు: "రూపాయల నుంచి", "పైసల నుంచి". కూడిక, తీసివేత ఇవ్వండి. పైసలను పైసలతో గుణించడం ఇవ్వకండి, దానికి అర్థమే లేదు. బయటకు తీసేది ఒక్కటే చోటు, బ్యాంక్‌కు పంపే ఫైల్ రాసే దగ్గర. ఇక ఎవరైనా మామూలు పూర్ణాంకం ఇవ్వబోతే కంపైలర్ చేయి పట్టుకుంటుంది.

కృష్ణాతీరం · బుధవారం, ఉదయం 8:45

ఇది నాకు నచ్చింది. జావాలో కూడా ప్రైవేట్ ఫీల్డ్‌తో క్లాస్ పెట్టి ఇదే చేస్తాం. కాకపోతే మేం దాన్ని "శుభ్రమైన కోడ్" అని చెప్పుకున్నాం తప్ప, నమ్మకాన్ని ఒక చిన్న చోటికి కుదించడం అని ఎప్పుడూ ఆలోచించలేదు. ఇక మీద నా టీమ్‌కు అలాగే చెబుతాను.

అర్ధరాత్రి_దీపం · బుధవారం, సాయంత్రం 5:30

ఎడిన్‌బరో నుంచి. ఇక్కడికి వచ్చి ఎనిమిదేళ్లు. యూనివర్సిటీ వాళ్ల కింగ్స్ బిల్డింగ్స్ వైపు వెళ్లినప్పుడల్లా మాక్స్‌వెల్ పేరున్న ఆ కాంక్రీటు భవనం చూస్తాను. 1986లో మొదలైన మిల్నర్ వాళ్ల ల్యాబ్, ఎల్ఎఫ్‌సీఎస్, అక్కడే ఉండేది.

రెండు మాటలు కలపాలి. ఒకటి, న్యాయంగా హిండ్లీ పేరు రావాలి. రోజర్ హిండ్లీ 1969లోనే కాంబినేటరీ లాజిక్ అనే తర్కశాఖలో ఇదే ఫలితం ప్రచురించాడు. మిల్నర్‌కు అది ముందు తెలియదు, తెలిశాక తన పేపర్లోనే చెప్పాడు. అందుకే ఇప్పుడు అందరూ హిండ్లీ–మిల్నర్ అంటారు. మిల్నర్ అదనంగా తెచ్చింది "లెట్". లెట్‌తో పేరు పెట్టిన ఫంక్షన్‌ను ఒకే ప్రోగ్రామ్‌లో ఒక చోట అంకెల మీద, ఇంకో చోట పేర్ల మీద వాడుకోవచ్చు. పారామీటర్‌గా వచ్చిన దానికి ఆ వెసులుబాటు లేదు. ఆ ఒక్క తేడాతోనే అది లాజిక్ పుస్తకం దాటి వాడుకునే భాష అయింది.

రెండోది, ఆయన ఇక్కడ ఆగలేదు. పీహెచ్‌డీ కూడా లేని మనిషి. ఫెర్రాంటీ అనే కంపెనీలో ప్రోగ్రామర్, అంతకు ముందు స్కూల్ టీచర్. టైపుల మీద అంత పేరొచ్చాక హాయిగా అదే చేసుకోవచ్చు. కానీ 1980లో సీసీఎస్ పేరుతో పూర్తిగా వేరే ప్రశ్న ఎత్తాడు: ఒకదానితో ఒకటి మాట్లాడుకునే రెండు యంత్రాలు "ఒకటే" అని ఎప్పుడు అనాలి?

రెండు టీ మెషిన్లు ఊహించుకోండి. మొదటిదాంట్లో పది రూపాయల బిళ్ల వేస్తే టీ బటన్, కాఫీ బటన్ రెండూ వెలుగుతాయి, మీకు కావాల్సింది నొక్కుతారు. రెండోదాంట్లో బిళ్ల పడగానే లోపల అదే తేల్చుకుంటుంది, ఒక్కోసారి టీ మాత్రమే వెలుగుతుంది, ఒక్కోసారి కాఫీ మాత్రమే. దూరం నుంచి రోజంతా రాసుకుంటే రెండింటి చిట్టా ఒకటే: బిళ్ల, టీ, బిళ్ల, కాఫీ. ముందు నిలబడ్డ మనిషికి అవి ఒకటే అనిపిస్తాయా? కాఫీ కోసం వచ్చి టీ మాత్రమే వెలిగితే తేడా తెలుస్తుంది. చిట్టాలు కలవడం చాలదు, ప్రతి అడుగు తర్వాత మిగిలిన దారులు కూడా కలవాలి. ఈ పోలికకు సరైన గణిత రూపం 1981లో డేవిడ్ పార్క్ ఇచ్చాడు, బైసిమ్యులేషన్ అంటారు. మిల్నర్ తన సిద్ధాంతాన్ని దాని మీద తిరగరాశాడు.

1992లో యోఆకిం పారో, డేవిడ్ వాకర్‌లతో కలిసి పై (π) కాల్క్యులస్ అనే ఇంకో గణితం తెచ్చాడు. అందులో పంపే సందేశంలోనే ఇంకో దారి పేరు ఉండొచ్చు. ఫోన్ మాట్లాడుతూ విజయవాడ నుంచి హైదరాబాద్ బస్సులో వస్తుంటే సూర్యాపేట దగ్గర టవర్ మారుతుంది కదా. పాత టవర్ మీ ఫోన్‌కు కొత్త టవర్‌తో మాట్లాడే దారిని అందించి తప్పుకుంటుంది. మాట తెగదు, తీగల అమరిక మారిపోయింది. ఆయన పుస్తకంలో కారులో ఫోన్‌తో ఇదే ఉదాహరణ ఉంది.

1991లో కంప్యూటర్ రంగపు అతి పెద్ద బహుమతి ట్యూరింగ్ అవార్డు ఇచ్చినప్పుడు ఎల్‌సీఎఫ్, ఎమ్ఎల్, సీసీఎస్ మూడూ కలిపి చెప్పారు. 2010 మార్చి 20న కేంబ్రిడ్జ్‌లో కన్నుమూశాడు.

బీటెక్_మూడో_ఏడు · బుధవారం, రాత్రి 9:05

టీ మెషిన్ ఉదాహరణ మా హాస్టల్లో నలుగురికి చెప్పాను, గంటసేపు వాదన జరిగింది. ఒకడు చివరిదాకా "చిట్టా ఒకటే అయితే ఒకటే" అన్నాడు. వాడికి కాఫీ ఇవ్వలేదు.

సార్, పెట్టెలో 7 వేసి చూశాను. "వీక్" పోయి "అంకెల జాబితా పెట్టె" అయింది!

ఇంకో డౌట్. ఈ టైప్ కనిపెట్టడం ఎప్పుడూ వేగంగానే అయిపోతుందా?

పినాకిని · బుధవారం, రాత్రి 9:50

మనం రోజూ రాసే కోడ్‌కు అవుతుంది. కానీ కావాలని ఏడిపించొచ్చు. ఒక విలువను జంటగా చేసే ఫంక్షన్ తీసుకో, జంట వి = (వి, వి). దాన్ని దాని ఫలితం మీదే మళ్లీ మళ్లీ వేస్తూ పో. ఒకసారి వేస్తే టైప్‌లో రెండు ముక్కలు, రెండుసార్లకు నాలుగు, పదిసార్లకు 1024. లెట్‌లను కూడా ఇలా పేర్చుకుంటూ పోతే అల్గారిథమ్‌కు ఘాతాంక సమయం పట్టే ప్రోగ్రాములు రాయొచ్చని 1990 ప్రాంతంలో మెయిర్సన్ ఒక పక్క, క్ఫూరీ, తియురిన్, ఉజిచిన్ ఇంకో పక్క నిరూపించారు. ఆశ్చర్యం ఏమిటంటే, అప్పటికి పన్నెండేళ్లుగా జనం వాడుతున్నా ఎవరికీ ఆ గోడ తగల్లేదు. మనుషులు అలాంటి కోడ్ రాయరు.

మంజీర · శుక్రవారం, రాత్రి 10:20

రెండు రోజులు కనిపించలేదు, ఇదే పని. "పైసలు" మాడ్యూల్ రాసి, లోపలి రూపం దాచి, కంపైల్ కొట్టాను. 61 ఎర్రర్లు. మొదట భయం వేసింది. ఒక్కొక్కటే చూసుకుంటూ వచ్చాను. ఎక్కువ భాగం మామూలు మార్పులే. మూడు మాత్రం కావు. రెండు చోట్ల రూపాయలను నూటితో గుణించి, ఇంకో ఫంక్షన్‌లోకి వెళ్లాక మళ్లీ గుణిస్తున్నారు. అయితే ఆ దారిలో ప్రస్తుతం ఏ కస్టమరూ లేరు, అందుకే బయటపడలేదు. మూడోది పెనాల్టీ లెక్క, శాతాన్ని పైసలకు కూడుతోంది. అది నడుస్తూనే ఉంది.

మా లీడ్‌కు చూపించాను. ఆయన చాలాసేపు మాట్లాడలేదు. తర్వాత "ఖాతా నంబర్లకు కూడా ఇలాగే చేద్దాం" అన్నారు.

పినాకిని గారూ, పేపర్ మళ్లీ తెరిచాను. ఐదో పేజీలో ఉన్నాను.

పినాకిని · శుక్రవారం, రాత్రి 10:45

ఆదివారం ఉదయం పది గంటలకు ఖాళీగా ఉంటే ఇక్కడే కూర్చుందాం. ఆరో పేజీ నుంచి నేను కూడా మీతో చదువుతాను. చిప్_పరీక్ష గారూ, మీరూ రండి, "సిద్ధాంతం" భాగం మీరే చెప్పాలి.

చిప్_పరీక్ష · శుక్రవారం, రాత్రి 11:05

వస్తాను సార్. ఆ 400 లైన్లు ప్రింట్ తీసి పెట్టుకుంటాను.